తప్పంతా గచ్చుదే

మా హోటల్లో ఇప్పటివరకు ఏ అతిథీ ఒంటరిగా పడలేదు. పడటం మామూలే. మెట్ల మీద పడ్డారు, భోజనాల హాల్లో పడ్డారు, గుండ్రంగా తిరిగే వీధి తలుపులో ఇరుక్కుని మరీ పడ్డారు. ఒంటరిగా మాత్రం కాదు. అతిథి కాలు జారితే పక్కనున్న పనివాడి కాలూ జారాలి. అతిథి చెంచా కింద పడితే వడ్డించేవాడి చెంచా కూడా పడాలి. ఆయన చొక్కా మీద సూపు ఒలికితే మనవాడి చొక్కా మీదా ఒలకాలి. తర్వాత లేచి, బట్టలు దులుపుకుని, "తప్పు మీది కాదండీ, ఈ గచ్చుదే. రోజూ ఎవరో ఒకర్ని పడేస్తుంది" అనాలి. సూపు ఒలికినా తప్పు గచ్చుదే. సూపుకీ గచ్చుకీ సంబంధం ఏమిటని నన్ను అడక్కండి. మా రూలు అంతే.

ఈ రూలు పెట్టింది హోటల్ కట్టించిన పెద్దాయన, అంటే ఇప్పుడు మాకు యజమాని అయిన అమ్మగారి నాన్నగారు. తెరిచిన కొత్తల్లో ఒక కొత్త పెళ్ళికొడుకు భార్యతో భోజనానికొచ్చి, కుర్చీ ఉందనుకుని కుర్చీ లేనిచోట కూర్చున్నాడట. హాలంతా ఘొల్లుమంది. వడ్డించేవాళ్ళు కూడా ప్లేట్లు పట్టుకునే పకపకా నవ్వారు. ఆ అబ్బాయికి తల కొట్టేసినట్టయింది. ఎవరివంకా చూడకుండా లేచి వెళ్ళిపోయాడు. ఆ కంగారులో పెళ్ళాన్ని బల్ల దగ్గరే మరిచిపోయాడు. ఆ పిల్ల సాయంత్రం దాకా అక్కడే కూర్చుని చేతిరుమాలు తడుపుకుంది. ఆ రోజు పెద్దాయన అన్నారట, నా కప్పు కింద ఇకమీదట ఎవడూ ఒక్కడే పడడు అని.

అందుకే మా దగ్గరికి ఉద్యోగానికి వచ్చినవాళ్ళని వడ్డించడం వచ్చా అని ముందుగా అడగరు. పడటం వచ్చా అని అడుగుతారు. రాకపోతే మా తమ్ముడు నేర్పుతాడు. వాడు భోజనాల హాల్లో వడ్డిస్తాడు. చేతిలో ట్రేతో వెల్లకిలా పడి, గ్లాసులో నీళ్ళు తొణక్కుండా లేవగలడు. చిన్నప్పుడు దాటే ప్రతి గడపా తన్నుకుని పడుతుంటే, వీడెలా బతుకుతాడా అని మా అమ్మ బెంగపెట్టుకునేది. బతకడమా, మా హోటల్లో వాడే ఉస్తాదు.

ఇక నా సంగతి. ఆ హాలుకి నేను పెద్దని. నా కొప్పు చూసి అందరూ నన్ను కొప్పమ్మ అంటారు. ఉద్యోగంలో చేరినప్పటి నుంచి నేను ఒక్కసారి కూడా పడలేదు, ఒక్క చెంచా కూడా పడెయ్యలేదు. రూలు తప్పానని కాదు. రూలు ఏమిటి? అతిథికి అందరికంటే దగ్గరగా ఉన్నవాళ్ళు పడాలి. ఆ తర్వాతివాళ్ళు పడాలని ఎక్కడా లేదు. నేనెప్పుడూ ఆ తర్వాతిదాన్నే. అతిథి అడుగు కాస్త తడబడిందా, నేను వెనక్కి ఒక అడుగు వేస్తాను. నా ముందు ఎవడో ఒకడు మిగులుతాడు. ఎక్కువసార్లు మా తమ్ముడే.

ఇంత పాటు ఎందుకంటే, మీ దగ్గర దాపరికం దేనికి, ఆ కొప్పులో ముప్పాతిక సవరం. నా సొంత జుట్టు చూపుడువేలంత లావు లేదు. దానికి సవరం చుట్టి, పిన్నులు గుచ్చి, రోజూ పొద్దున్నే ఒక గోపురం కడతాను. ఈ సంగతి నాకూ నా అద్దానికీ తప్ప మా తమ్ముడికి కూడా తెలియదు. నిలబడి ఉన్నంతకాలం నేను కొప్పమ్మని. పడితే నా పేరేమవుతుందో తలుచుకోవడానికే నాకు భయం.

అలాంటి హోటల్లోకి సినిమావాళ్ళు దిగారు.

సినిమా మొత్తం హోటల్లోనే జరుగుతుందట. ప్రశాంతంగా నాలుగు రోజులు పడుకుందామని ఒకాయన వస్తాడు, హోటల్ ఆయన్ని పడుకోనివ్వదు. అదీ కథ. ఆ ఒకాయన వేషం పల్టీల మావయ్యది. పిల్లలు పెట్టిన పేరది, పెద్దవాళ్ళూ అలాగే పిలుస్తారు. నా చిన్నప్పటి నుంచి ఆయన తెర మీద పడుతూనే ఉన్నాడు. నిచ్చెన మీంచి పడ్డాడు, కిటికీలోంచి పడ్డాడు, నిలబడ్డచోట ఏమీ లేకుండానే పడ్డాడు. ఆయన సినిమాలంటే నాకు ఒళ్ళుమంట. ఆయన సూపు గిన్నెలో మొహం పెడితే జనం పొట్ట పట్టుకుంటారు. నేను మాత్రం ఆ బల్లగుడ్డ ఎవరు ఉతుకుతారా అని చూస్తాను.

ఆయన వచ్చిన పొద్దున నేను హాల్లోనే ఉన్నాను. బక్కపలచటి ముసలాయన, మనిషి మెత్తగా ఉన్నాడు, అందరికీ నమస్కారాలు పెట్టుకుంటూ వచ్చాడు. నెత్తిన మాత్రం కాటుకలాంటి నల్లటి ఒత్తు జుట్టు. ఆ వయసుకి ఆ జుట్టేమిటి అని నాకు అప్పుడే అనుమానం వచ్చింది. ఈ ఒక్క విషయంలో నన్ను మోసం చెయ్యడం కష్టం.

టిఫిను దగ్గర ఆయన చెంచా జారి కింద పడింది. పాపం, నిజంగానే జారింది. పక్కనున్న మా తమ్ముడు తన చెంచా పడేశాడు.

"నీకేమైంది బాబూ?" అన్నాడు పల్టీల మావయ్య.

"తప్పు నాదీ కాదండీ, మీదీ కాదండీ. ఈ గచ్చుదే."

ఆయన కాసేపు ఆలోచించి ఫోర్కు పడేశాడు. వీడూ ఫోర్కు పడేశాడు. ఆయన మోచెయ్యి తీసుకెళ్ళి వెన్నలో పెట్టాడు. వీడూ ఎదుటి బల్ల మీది వెన్నలో మోచెయ్యి పెట్టాడు. అప్పుడు చూడాలి ఆయన కళ్ళు. బిస్కెట్ల డబ్బా ఎక్కడ దాచారో కనిపెట్టిన పిల్లాడి కళ్ళు అవి. కాఫీ కప్పు ఎత్తి, మా తమ్ముడి మొహంలోకే చూస్తూ, తన టై మీద నింపాదిగా పోసుకున్నాడు. మావాడికి టై లేదు. చేతిలో ఉన్న తువ్వాలు మెడకి కట్టుకుని, దాని మీద కాఫీ పోసుకుని, "గచ్చండీ" అన్నాడు.

ఇక చూస్కోండి. ఆయన టోపీ పడేస్తే రిసెప్షన్ పిల్ల, పాపం తనకి టోపీ లేక, బల్ల మీది గంట తీసి నేలకేసి కొట్టింది. ఆయన తిరిగే తలుపులోకి దూరి బయటికి రావడం తెలియనట్టు గిరగిరా తిరుగుతుంటే, మా తలుపు మనిషి వెనక అరలో దూరి ఆయనతోపాటు తిరిగాడు. బయటపడ్డాక ఇద్దరూ గోడ పట్టుకుని నిలబడ్డారు. ఆయన చొక్కా బొత్తాలు ఒకటి తప్పించి పెట్టుకుని వస్తే, ఆ పూటంతా మా మగవాళ్ళ చొక్కాలన్నీ వంకరే. మధ్యాహ్నానికి శుభ్రమైన బల్లగుడ్డ ఒక్కటి మిగల్లేదు.

నేను వెళ్ళి అమ్మగారితో మొరపెట్టుకున్నాను. "ఆయన కావాలని చేస్తున్నాడండి. మనవాళ్ళని కోతుల్ని ఆడించినట్టు ఆడిస్తున్నాడు."

"కావాలని పడ్డాడో పొరపాటున పడ్డాడో మనమెలా తేలుస్తాం కొప్పమ్మా? అతిథి అతిథే" అన్నారు అమ్మగారు. ఆవిడ చీటికీమాటికీ తుమ్ముతున్నారు. పొద్దున ఆయన ఆవిడ ఎదుట పూలకుండీలో ముక్కు పెట్టి తుమ్మాడట. అప్పుడు రూలు కోసం మొదలుపెట్టిన తుమ్ములు ఆవిడకి ఇంకా ఆగలేదు.

ఆయన బుర్ర తక్కువది కాదు. సాయంత్రం టీ దగ్గర నన్ను నిలేశాడు. "అందరూ పడుతున్నారు. నువ్వు మాత్రం పడవేం?"

"నేను పక్కన ఉండనండి. పక్కనున్నవాడి పక్కన ఉంటాను."

"అలాగా" అని ఆయన నవ్వాడు. ఆ నవ్వు నాకు నచ్చలేదు.

అప్పటి నుంచి నా వెంట పడ్డాడు. నేను ఒక్కదాన్నే ఉన్న మూల చూసుకుని వచ్చి చెంచా వదిలేవాడు. నేను చటుక్కున తల పైకెత్తి కప్పులో బూజు వెతుక్కునేదాన్ని. చూడనిదానికి రూలు లేదు. ఒకసారి వంటగదికీ హాలుకీ మధ్య ఉన్న సామాన్ల గదిలో నన్ను మూలకి పెట్టాడు. చేతిలో కస్టర్డు గిన్నె. దాన్ని నెత్తి మీదికి ఎత్తి, నన్నే చూస్తూ, కొద్దికొద్దిగా వంచుతున్నాడు. నా నెత్తి మీద సవరం బిక్కుబిక్కుమంది. "ఒరేయ్ తమ్ముడూ" అని ఒక్క కేక పెట్టి గోడకి అంటుకుపోయాను. స్ప్రింగు తలుపు తోసుకుని వాడు వచ్చి సరిగ్గా మా ఇద్దరి మధ్యా నిలబడ్డాడు. ఆయన గిన్నె ఖాళీ చేసుకున్నాడు. వాడు అరమీంచి ఇంకో గిన్నె తీసుకుని తన నెత్తిన బోర్లించుకున్నాడు.

"ఈ పూట నువ్వే గెలిచావు" అన్నాడు పల్టీల మావయ్య, కనుబొమల మీది కస్టర్డు తుడుచుకుంటూ. "రేపు చూస్తా నీ పని."

నిజం చెప్పొద్దూ, నాకూ సరదాగానే ఉంది. ఆ హాల్లో నన్ను ఎదిరించి ఆట ఆడినవాడు అంతకుముందు లేడు.

మర్నాడు షూటింగు మొదలైంది. భోజనాల హాల్లో కేకు సీను. పెద్ద కేకు పట్టుకుని పల్టీల మావయ్య రావాలి, జారాలి, కేకులో మొహం పెట్టి పడాలి. చుట్టూ వడ్డించేవాళ్ళు నోళ్ళు వెళ్ళబెట్టి చూడాలి. నిజంగా వడ్డించేవాళ్ళయితే సహజంగా ఉంటుందని డైరెక్టరు మావాళ్ళనే నిలబెట్టాడు. కుర్రాడే గానీ పని మీద శ్రద్ధ ఉన్నవాడు, మా అలవాటు ఒక్కటే ఆయనకి తెలియదు.

పల్టీల మావయ్య జారాడు. ఎంత అందంగా జారాడంటే, ఒప్పుకోక తప్పదు, నేను కూడా బల్లగుడ్డ సంగతి మరిచిపోయాను. ఆయనతోపాటే ఆ వరసలో ఉన్న మావాళ్ళందరూ దబదబా జారారు.

"కట్" అన్నాడు డైరెక్టరు. "మీరెందుకు పడ్డారయ్యా?"

"గచ్చండీ" అన్నారు అందరూ.

మీరు పడకూడదు, చూడాలి అంతే అని విడమరిచి చెప్పాడు. తలలూపారు. ఇంకో కేకు వచ్చింది. మళ్ళీ ఆయన జారాడు, మళ్ళీ వీళ్ళూ జారారు. మూడోసారి మా తమ్ముడు పళ్ళు బిగబట్టి, బల్ల అంచు పట్టుకుని, చెమటలు కక్కుతూ నిలబడ్డాడు. ఈసారి గట్టెక్కాం అనుకునేలోపు బల్లతో సహా వెళ్ళిపోయాడు. "నావల్ల కావట్లేదక్కా, కాళ్ళు వాటంతటవే పోతున్నాయి" అని వాడు ఏడుపు మొహం పెట్టాడు. ఏం చేస్తాం, నేర్పినప్పుడు అంత బాగా నేర్పాం మరి.

అలా పొద్దెక్కేదాకా సాగింది. మావాళ్ళు పడిన ప్రతిసారీ టేకు పాడైంది. టేకు పాడైన ప్రతిసారీ ఆ ముసలాయన మళ్ళీ మొదటి నుంచి పడాలి. చివరికి మావాళ్ళని బయటికి పంపి ఎవరెవరినో నిలబెట్టి తీశారు. సీను అయింది గానీ, ఆయన వెంటనే లేవలేదు. మోకాలు పట్టుకుని కేకులో అలాగే కూర్చుండిపోయాడు. డైరెక్టరు మావాళ్ళని తిట్టలేదు. దూరంగా నిలబడి ఆ మోకాలివంకే చూశాడు.

కాసేపటికి సామాన్ల గదిలో గ్లాసులు సర్దుతుంటే తలుపు అవతల డైరెక్టరు మాటలు వినపడ్డాయి. పల్టీల మావయ్య బదులు కష్టమైన పనులు చెయ్యడానికి ఒక డూపు వచ్చాడు, ఆ కుర్రాడితో చెబుతున్నాడు. "రేపు మెట్ల సీను. పెద్దాయన ఒక్క టేకులో చేస్తే సరే. లేకపోతే ఆ కోటు నువ్వు తొడుక్కో. అక్కణ్ణించి పడేవన్నీ నువ్వే. ఆయన్ని కుర్చీలో కూర్చోబెట్టి మొహం వరకు తీసుకుందాం."

వెనక చప్పుడైతే తిరిగి చూశాను. పల్టీల మావయ్య. ఐసు కోసం వచ్చాడు. అంతా విన్నాడు.

నేను తువ్వాల్లో ఐసు చుట్టి ఇచ్చాను. ఖాళీ సీసాల పెట్టె బోర్లించి కూర్చుని ఆయన మోకాలికి పెట్టుకున్నాడు. చేతికందే దూరంలో చెంచాల బుట్ట ఉంది. ఒక్క చెంచా కూడా పడెయ్యలేదు. అప్పుడు నాకు నిజంగా భయం వేసింది.

"నా మొహం చూసి ఎవరూ నవ్వలేదమ్మా" అన్నాడు. "మా ఆవిడ కూడా. జనం నా కాళ్ళు చూసి నవ్వారు. ఆ పడేదేదో ఇంకొకడు పడితే, ఇక తెర మీద నాకేం పని?"

"మోకాలు ఎలా ఉంది?"

"ఇంకొక్కసారికి వస్తుంది. ఒక్కసారికే. రేపు మీవాళ్ళని పడనివ్వకు తల్లీ. నీకు పుణ్యముంటుంది."

 ఆ మోకాలు అలా కావడానికి సగం కారణం మేమే. ఆయన పరువు పోకూడదని పెట్టుకున్న రూలుతోనే ఆయన కాలు విరగ్గొడుతూ వచ్చాం. "ఒక్కడు కూడా పడడు. నాది పూచీ" అన్నాను.

అమ్మగారిని అడిగితే తుమ్ముల మధ్యనే తీర్పు చెప్పారు. "కెమెరా ముందు పడితే అది ఆయన ఉద్యోగం, మనకి సంబంధం లేదు. కట్ అన్నాక పడితే మాత్రం అతిథి."

మర్నాడు పొద్దున నా ఏర్పాట్లు నేను చేశాను. వంటవాళ్ళనీ వడ్డించేవాళ్ళనీ వంటగదిలో పెట్టి గొళ్ళెం వేశాను. తలుపు మనిషిని వీధిలోకి పంపాను. రిసెప్షన్ పిల్లని కుర్చీలో కూర్చోబెట్టి చేతులు సొరుగులో పెట్టుకోమన్నాను. మా తమ్ముణ్ణి ఎక్కడ పెట్టినా నమ్మకం లేదు. అందుకని హాల్లో స్తంభానికి ఆప్రాన్ తాళ్ళతో కట్టేశాను. మూడు ముళ్ళు వేశాను. "అక్కా, ఊపిరాడట్లేదు" అన్నాడు. "ఆడకపోయినా ఫర్వాలేదు, పడకు" అన్నాను. మెట్ల కింద, సామాన్ల బండి పక్కన నేను కాపలా నిలబడ్డాను.

సీను ఏమిటంటే, ఆయన పైనించి చేతుల నిండా పెట్టెలతో దిగుతూ, మధ్యలో జారి, మెట్లన్నీ వీపు మీద దిగి, నేరుగా సామాన్ల బండిలో పడాలి. డైరెక్టరు చెయ్యి ఊపాడు. పైన పెట్టెల గుట్ట కదిలింది. పెట్టెల వెనక ఆయన మొహం లేదు, కాళ్ళు మాత్రమే ఉన్నాయి. ఆ కాళ్ళు ఒక్కో మెట్టునీ వెతుక్కునే తీరుకే నాకు నవ్వొచ్చింది. స్తంభం దగ్గర తాళ్ళు కిర్రుమన్నాయి. సగం దాకా వచ్చాడు. అక్కడ జారాలి.

జారలేదు. మోకాలు బిగుసుకుపోయింది. ఒక చేత్తో కమ్మీ పట్టుకుని ఆ మెట్టు మీదే నిలబడిపోయాడు. పెట్టెలు మాత్రం ఒక్కొక్కటే ఆయన చెయ్యాల్సిన పని తాము చేసుకుంటూ కిందికి దొర్లాయి. పడటానికి ఆయన మళ్ళీ ప్రయత్నించడం అందరికీ కనబడింది. జీవితమంతా పడకుండా ఉండటం చేతకాని మనిషి, పడలేక నిలబడ్డాడు.

డైరెక్టరు ఓపిక పట్టాడు. చివరికి మెల్లగా "కట్" అన్నాడు. డూపు మెట్లెక్కి వెళ్ళి పక్కన నిలబడ్డాడు. పల్టీల మావయ్య కోటు విప్పి తనే ఆ కుర్రాడికి తొడిగాడు, కాలరు కూడా సరిచేశాడు. తర్వాత కమ్మీ పట్టుకుని, ఎవరి సాయం వద్దని, మిగిలిన మెట్లు జాగ్రత్తగా దిగాడు.

ఆఖరి మెట్టు మీద కాలు జారింది.

అందం లేదు, పల్టీ లేదు. మామూలు ముసలివాళ్ళు పడినట్టు బోర్లా పడ్డాడు. నల్లటి జుట్టు నెత్తి మీంచి ఊడి గచ్చు మీద జారుకుంటూ పోయింది. నున్నటి గుండు, దాని చుట్టూ తెల్లటి నూగు. ఒక్కళ్ళూ నవ్వలేదు. అంతమంది సినిమా మనుషులు అయ్యో పాపం అన్నట్టు నేల చూపులు చూశారు. ఆయన తల ఎత్తాడు. ఎవరివంకా చూడలేదు, ఆ జుట్టువంకే చూశాడు. బల్ల దగ్గర పెళ్ళాన్ని మరిచిపోయిన ఆ పెళ్ళికొడుకు మొహం ఎలా ఉండి ఉంటుందో నాకు అప్పుడు తెలిసింది.

అలవాటు కొద్దీ వెనక్కి ఒక అడుగు వేశాను. నా ముందుకి ఎవరూ రాలేదు. రావడానికి ఎవరున్నారు, అందరినీ కట్టేసిందీ గొళ్ళెం పెట్టిందీ నేనే కదా.

"అక్కా" అన్నాడు మా తమ్ముడు స్తంభం దగ్గర్నించి. "కట్ అన్నారు. పక్కన నువ్వే."

నాకు ఏడుపొచ్చింది, కోపమొచ్చింది, ముసలాయన మీద, తమ్ముడి మీద, ఈ రూలు పెట్టిన పెద్దాయన మీద, అందరి మీదా. నా గోపురం తలుచుకుని ఒక్క క్షణం కళ్ళు మూసుకున్నాను. ఆ తర్వాత పడ్డాను.

నాకు పడటం రాదు. ఎన్నడూ నేర్చుకోలేదు. గోనెసంచీ పడినట్టు పడ్డాను. పిన్నులు నలుదిక్కులా ఎగిరాయి. సవరం విడిపోయి, గచ్చు మీద మెలికలు తిరుగుతూ వెళ్ళి డైరెక్టరు బూట్ల దగ్గర ఆగింది. ఆయన బతికున్నదేదో అనుకుని కుర్చీ ఎక్కాడు. నేను మోచేతుల మీద లేచి, నా ఆ కాస్త జుట్టూ మొహం మీద పడుతుండగా అన్నాను. "తప్పు మీది కాదండీ. ఈ గచ్చుదే. రోజూ ఎవరో ఒకర్ని పడేస్తుంది."

నేను పడటం చూసి మా తమ్ముడు ఆగలేకపోయాడు. మూడు ముళ్ళూ పటపటా తెగి, స్తంభం పక్కనున్న పూలకుండీతో సహా వచ్చాడు. రిసెప్షన్ పిల్ల సొరుగు పట్టుకునే కుర్చీతో వెనక్కి వెళ్ళింది. వంటగది గొళ్ళెం ఊడి, లోపల తలుపుకి ఆనుకుని వింటున్నవాళ్ళందరూ గుట్టగా హాల్లో పడ్డారు. వీధిలోంచి చూస్తున్న తలుపు మనిషి తిరిగే తలుపులోనే కూలబడి గుండ్రంగా తిరుగుతూ లోపలికొచ్చాడు. మెట్ల పైన అమ్మగారు ఒక్క తుమ్ము తుమ్మి, హుందాగా మెట్టు మీద చతికిలబడ్డారు. ఏం జరుగుతోందో అర్థంకాని డూపు, ఇదేదో తన వంతు అనుకుని, ఆ కోటుతోనే మెట్లన్నీ దొర్లుకుంటూ వచ్చి సామాన్ల బండిలో పడ్డాడు.

పల్టీల మావయ్య లేచి కూర్చున్నాడు. అందరినీ చూశాడు. నన్ను చూశాడు, నా తల చూశాడు, సవరం చూశాడు. కుంటుతూ వెళ్ళి, తన జుట్టు వదిలేసి, నా సవరం తీసుకున్నాడు. దాన్ని తన గుండు మీద నింపాదిగా చుట్టుకున్నాడు, కొస భుజం మీదికి వేసుకున్నాడు. ఇంత జుట్టు మోయడం ఎంత కష్టమో మీకేం తెలుసు అన్నట్టు మమ్మల్ని అందరినీ ఒక్క చూపు చూశాడు. నా చూపే అది. వడ్డించేవాడి ప్లేటు మీద మరక కనిపిస్తే నేను చూసే చూపు, అచ్చంగా దించేశాడు.

ముందు నవ్వింది మా తమ్ముడే, దొంగ వెధవ. తర్వాత హాలంతా. కెమెరా మనిషి నవ్వాపుకోలేక స్టాండుని వాటేసుకున్నాడు. ఆయన కాలు కదపలేదు. వేలు కదపలేదు. ఉత్త మొహం. నేను కూడా నవ్వాను. నా పరువు ఆయన నెత్తి మీద వేలాడుతుంటే కూడా, కళ్ళల్లోంచి నీళ్ళొచ్చేదాకా నవ్వాను. డైరెక్టరు నవ్వుతూ నవ్వుతూ కుర్చీ మీంచి కింద పడ్డాడు. ఆయన కూడా మా హోటల్లో దిగినవాడే, అంటే అతిథే. అప్పుడే లేచి నిలబడిన మావాళ్ళందరూ పాపం మళ్ళీ పడ్డారు.

"ఇదంతా తీశావా?" అని కింద నుంచే అడిగాడు డైరెక్టరు.

"మెట్ల మీద ఆయన్ని చూస్తూ ఆపడం మరిచిపోయానండి" అన్నాడు కెమెరా మనిషి.

డైరెక్టరు కళ్ళు తుడుచుకుని, సామాన్ల బండిలో ఉన్న డూపుతో, "ఆ కోటు పెద్దాయనకి ఇచ్చెయ్" అన్నాడు.

సినిమా వచ్చాక మా అందరికీ టిక్కెట్లు పంపారు. నేను రానని మొండికేశాను. అమ్మగారు బలవంతం చేసి తీసుకెళ్ళారు. ఈ మధ్య సవరం మానేశాను, ఆ ఉన్న జుట్టే వెనక్కి ముడేసుకుంటున్నాను, తల తేలిగ్గా ఉంది. థియేటర్లో నాకు ఒకపక్క మా తమ్ముడు, ఇంకోపక్క చేతికర్రతో పల్టీల మావయ్య. తెర మీద ఆయన పడినప్పుడు థియేటరంతా నిశ్శబ్దం అయిపోయింది. నేను పడినప్పుడు కప్పు లేచిపోయేలా నవ్వారు. ఆయన సవరం చుట్టుకుని ఆ చూపు చూసినప్పుడైతే వెనక వరసలో ఒకావిడకి పొలమారింది.

"విన్నావా? నా మొహానికి" అన్నాడు ఆయన నా చెవిలో.

"నా సవరానికి" అన్నాను.

లైట్లు వెలిగాయి. లేచి నడవలోకి వచ్చాం. ఎవరో పిల్లాడు గట్టిగా, "అమ్మా, సవరం ఆవిడ" అని వేలు పెట్టి చూపించాడు. అన్ని తలలూ నావైపు తిరిగాయి. తెర మీద ఎలాగో ఓర్చుకున్నాను గానీ, ఎదురుగా అన్ని కళ్ళు చూసేసరికి చేతులు ఆడలేదు. బ్యాగు జారి నేలమీద బోర్లా పడింది. దువ్వెన, తాళంచెవులు, మాత్రలు, సగం తిన్న బిస్కెట్ అన్నీ బయటపడ్డాయి. నాకు తల ఎత్తబుద్ధి కాలేదు. గబగబా వంగి ఏరుకోబోయాను.

నా పక్కనే ఇంకో చప్పుడైంది. కళ్ళజోడు పెట్టె పడింది, చిల్లర పడింది, చేతిరుమాలు పడింది. చేతికర్ర పడింది. తర్వాత, ఆ పాడు మోకాలితో, ఒక చేత్తో కుర్చీ పట్టుకుని, ఆయన కూడా వచ్చి నా పక్కన నేలమీద కూలబడ్డాడు.

"తప్పు నీది కాదమ్మా" అన్నాడు. "ఈ గచ్చుదే. రోజూ ఎవరో ఒకర్ని పడేస్తుంది."

మాకంటే ముందు వెళ్తున్న మా తమ్ముడు వెనక్కి తిరిగి చూశాడు. వాడికి పడాలని కాళ్ళు లాగుతున్నాయి, నాకు తెలుసు. పల్టీల మావయ్య వాడికి వేలు చూపించి ఆపాడు.

"నువ్వు ఆగు బాబూ" అన్నాడు. "పక్కన ఉన్నది నేను."